పళ్ల కత్తెరతో రెండున్నరేళ్లు: అమ్మ విగ్గును ఇంట్లోనే దిద్దిన అనుభవం

ఒక వైపు దువ్వెనలాంటి పళ్లుండి, జుట్టును పలుచన చేసే ఈ కత్తెరను సెలూన్లలో థిన్నింగ్ సిజర్ అంటారు. మా ఇంట్లో మాత్రం పళ్ల కత్తెర అనే పేరే నిలిచిపోయింది. 2023 సెప్టెంబరులో హన్మకొండ చౌరస్తా దగ్గర, పార్లర్ సామాన్లు అమ్మే ఒక చిన్న దుకాణంలో 450 రూపాయలకు కొన్నాను. ఈ రెండున్నరేళ్లలో అమ్మ వాడిన మూడు విగ్గులనూ దీనితోనే దిద్దాను. మా అమ్మను మళ్లీ నలుగురి మధ్యకు తీసుకెళ్లిన వస్తువు ఇది కనుక దీని మీద నాకున్న ఇష్టాన్ని దాచుకోను. అయితే మొదటి నెలలో ఎదురైన ప్రతివారికీ దీన్ని ఎంత గట్టిగా పొగిడి చెప్పానో, ఇప్పుడు అంత గట్టిగా చెప్పలేను.

అప్పటికి అమ్మకు కీమోథెరపీ ఆఖరి విడత ముగిసి నెల దాటింది. తల ఇంకా నున్నగానే ఉంది. దవాఖానకు వెళ్లివచ్చేటప్పుడు కొంగు కప్పుకుని సర్దుకునేది కానీ, బతుకమ్మ పండుగ దగ్గర పడుతున్న కొద్దీ ఆడవాళ్ల మధ్యకు ఎలా వెళ్లాలన్న బెంగ ఆమెను పట్టుకుంది. చెల్లె ఆన్‌లైన్‌లో ఒక సింథటిక్ విగ్గు తెప్పించింది. నలుపు బాగానే కుదిరింది, పొడవు భుజాలు దాటింది. తలకు పెట్టి అద్దం చూపించగానే అమ్మ అన్న మాట నాకు ఇప్పటికీ చెవిలో ఉంది: “ఇది నా నెత్తి లెక్క లేదు బిడ్డా, కుండ బోర్లిచ్చినట్టున్నది.”

ఆమె అన్నది అక్షరాలా నిజం. పుట్టుకతో వచ్చిన జుట్టు తలంతా ఒకే ఒత్తుగా ఉండదు. నుదుటి అంచున, కణతల దగ్గర, మెడ వెనుక సన్నని, పొట్టి వెంట్రుకలు పలుచగా మొదలై, లోపలికి వెళ్తున్న కొద్దీ ఒత్తుగా మారతాయి. మిషన్ మీద వరుసలు వరుసలుగా కుట్టిన విగ్గులో ఈ తేడా ఉండదు. చెవి పక్కన వరుస ఎంత ఒత్తుగా ఉంటుందో నడినెత్తి మీది వరుస కూడా అంతే ఒత్తుగా ఉంటుంది. పైగా లోపలి కుట్లూ బట్టా బయటికి కనబడకూడదని అవసరానికి మించే వెంట్రుకలు పెడతారు. అందుకే కొత్త విగ్గు చెంపల దగ్గర ఉబ్బి, టోపీ పెట్టుకున్నట్టు కనిపిస్తుంది. పొడవు తగ్గిస్తే ఆ ఉబ్బు పోతుందని అనుకుంటాం. పోదు సరికదా, కిందికి లాగే బరువు తగ్గిపోయి ఇంకాస్త లేస్తుంది.

ఈ సంగతి నాకు ముందు తెలియదు. ఇంట్లో జాకెట్లు కుట్టే అలవాటు ఉన్నదాన్ని కనుక చేతి మీద నమ్మకంతో, బట్టల కత్తెర తీసుకుని అంచును గీత గీసినట్టు అడ్డంగా కోశాను. కొత్త చీపురు కొసలను కత్తిపీట మీద సమంగా నరికినట్టు తయారైంది. రెండు పార్లర్లలో అడిగితే విగ్గుల జోలికి రామన్నారు. చివరికి మా గల్లీ మొదట్లో సెలూన్ నడిపే తమ్ముడు దాన్ని చేతిలో తిప్పి చూసి, “అడ్డంగ కోస్తే గిట్లనే ఐతదక్కా, పండ్ల కత్తెరతోని లోపట లోపట తియ్యి” అని తన దగ్గరున్నది చూపించాడు. ఆ సాయంత్రమే నాది కొన్నాను.

ఆ రాత్రి జరిగినది వివరంగా చెప్పాలి. అమ్మను ట్యూబులైటు కింద స్టూలు మీద కూర్చోబెట్టి, భుజాల మీద పాత తువ్వాలు కప్పి, విగ్గును ఆమె తలకే పెట్టి పిన్నులతో బిగించాను. కుడి కణత దగ్గర చిటికెన వేలంత మందం పాయను రెండు వేళ్ల మధ్య పట్టుకుని, సగం కిందికి వచ్చాక కత్తెరను ఏటవాలుగా పెట్టి ఒక్కసారి మూశాను. మామూలు కత్తెర అయితే పాయ మొత్తం తెగి చేతికి వచ్చేది. ఇందులో పళ్ల మీదికి వచ్చిన వెంట్రుకలు మాత్రమే తెగుతాయి, సందుల్లోకి జారినవి అలాగే ఉంటాయి. దువ్వెనతో దువ్వితే తెగినవి నెమ్మదిగా కింద పరిచిన పేపరు మీద రాలాయి. బొటనవేలంత కిందికి జరిపి మరోసారి మూశాను, దువ్వాను. ఆరేడు పాయలు అయ్యేసరికి అప్పటిదాకా ఉబ్బి ఉన్న ఆ పక్క చెంపకు ఆనుకుని ఒదిగింది, చెవి అంచు కనిపించింది. చెవికున్న దిద్దు కనిపించింది. కుడి పక్క పూర్తయి ఎడమ పక్క మొదలుపెట్టక ముందు అమ్మ అద్దం అడిగింది. ముఖాన్ని ఒక పక్కకు, మళ్లీ ఇంకో పక్కకు తిప్పి చూసుకుని, ఏమీ అనకుండా అద్దం నా చేతికి ఇచ్చి తల నిటారుగా పెట్టి కూర్చుంది. మిగతా పక్క కూడా కానివ్వమని ఆమె చెప్పే పద్ధతి అదే.

సద్దుల బతుకమ్మ నాడు పద్మాక్షి గుట్ట కింద అమ్మ మూడు పాటలకు ఆడింది. బతుకమ్మ ఆడేటప్పుడు అడుగడుగుకూ వంగి చప్పట్లు కొట్టాలి కనుక మెడ వెనుక జుట్టు ప్రతిసారీ ముందుకు జారి మళ్లీ వెనక్కి పడుతుంది. విగ్గు విగ్గని పట్టుబడేది సరిగ్గా అక్కడే, ఎందుకంటే మొత్తం ఒకే ముక్కలా ఊగుతుంది. పలుచన చేసిన కొసలు మాత్రం విడివిడిగా కదిలాయి. మా వాడకట్టులోని ఒక కోడలు పక్కకు వచ్చి, “ఎంటికలు కత్తిరిచ్చుకున్నవా పెద్దమ్మా, మంచిగున్నది” అంది. అమ్మ నా వైపు చూసిన ఆ చూపు ముందు ఈ కత్తెర మీద ఎన్ని ఫిర్యాదులున్నా దిగదుడుపే.

ఫిర్యాదు దీపావళి తర్వాత మొదలైంది. పక్కలు అంత బాగా కుదిరాయి కదా అన్న ధైర్యంతో, పాపిటకు రెండు వైపులా నడినెత్తి మీద కూడా కొంత ఒత్తు తీద్దామనుకున్నాను. కుట్టు వరుసకు రెండు వేళ్ల దూరంలో, అంటే దాదాపు కుదుళ్ల దగ్గరే, కత్తెర పెట్టి పాయకు రెండుసార్లు చొప్పున మూశాను. మొదటి రోజు బాగానే ఉన్నట్టు కనిపించింది. ఒకసారి ఉతికి ఆరబెట్టాక నడినెత్తి అంగుళం మేర లేచింది. సరిపోయినంత తీయలేదేమోనని మళ్లీ తీశాను. ఇంకా లేచింది. మరోసారి తీశాను. తీసే కొద్దీ పలుచబడాల్సింది తీసే కొద్దీ ఎందుకు ఉబ్బుతోందో అర్థం కాక రెండు రాత్రులు దాన్ని ముందు పెట్టుకుని కూర్చున్నాను. చివరికి పగటి వెలుగులో కిటికీ దగ్గర పాపిట విప్పి, పైపొరను పిన్నుతో పక్కకు పెట్టి చూస్తే విషయం తెలిసింది. పొడవాటి వెంట్రుకల కింద అంగుళంన్నర పొట్టి వెంట్రుకలు వందల కొద్దీ గడ్డిపరకల్లా నిక్కపొడుచుకుని, పందిరి కింద గుంజల్లా పై వెంట్రుకలను మోస్తున్నాయి. పొడుగ్గా ఉన్నంతకాలం వాటి బరువే వాటిని పడుకోబెట్టింది. పొట్టివి కాగానే లేచి నిలబడ్డాయి. సింథటిక్ దారం బిరుసుగా ఉంటుంది కనుక ఇది మరీ ఎక్కువ. నేను మళ్లీ మళ్లీ తీసిన ప్రతిసారీ కొత్త గుంజలు నిలబెడుతున్నానన్న మాట.

అసలు తల అయితే నాలుగు నెలలు ఓపిక పడితే పెరిగి సర్దుకునేది. విగ్గులో తెగింది తెగినట్టే ఉంటుంది. జలుబు చేసినప్పుడు ఆవిరి పట్టే చిన్న యంత్రం ఇంట్లో ఉంటే, దాన్ని జానెడు దూరంలో పెట్టి ఒక్కో వరుసకు ఆవిరి తగిలిస్తూ, సన్నపళ్ల దువ్వెనతో ఆ పొట్టివాటిని కిందికి అదిమి, నూలు బట్ట చుట్టి తెల్లారేదాకా అలాగే ఉంచాను. సింథటిక్ దారం వేడికి మెత్తబడి, చల్లారినప్పుడు ఏ ఆకారంలో ఉంటే అదే పట్టుకుంటుంది. ఆ గుణమే కొంత ఆదుకుంది. సగానికి సగం అణిగాయి, మిగతావి అణగలేదు. స్ట్రెయిట్‌నర్ పెట్టాలన్న ఆలోచన రాకపోలేదు కానీ, ఆ విగ్గు దారం వేడి తట్టుకునే రకం కాదు, అంటితే కరిగి ముద్దకట్టేది. పాపిటను ఎడమకు మార్చి, మీద సన్నని హెయిర్‌బ్యాండు పెట్టి, ఆ విగ్గును అమ్మ ఇంటి పట్టున మాత్రమే వాడింది. ఈ తప్పు గురించి కత్తెర అట్ట మీద ఒక్క ముక్క రాసి ఉన్నా నేను చేసేదాన్ని కానని ఇప్పటికీ బాధ ఉంది.

2024 బతుకమ్మకు ముందు అసలు వెంట్రుకల విగ్గు, ముందుభాగం సన్నని వలలాంటి లేసుతో ఉన్నది తీసుకున్నాం. తిరుమల వంటి క్షేత్రాల్లో భక్తులు ఇచ్చిన తలనీలాలు వేలంలో అమ్ముడై ఇలాంటి విగ్గుల తయారీకి చేరతాయని నేను చెబితే, చిన్నప్పుడు వేములవాడలో మొక్కు తీర్చుకున్న అమ్మ ఆ విగ్గును కళ్లకు అద్దుకుని, “రాజన్నకిచ్చినయి మళ్ల నా నెత్తికే అచ్చినట్టున్నయి” అంది. దాని మీద కత్తెర పెట్టడానికి నాకు వారం పట్టింది.

ఈసారి కుదుళ్ల నుంచి నాలుగు వేళ్ల లోపల పళ్ల కత్తెరను ఎక్కడా పోనివ్వలేదు. నడినెత్తిని, పాపిటను అసలు ముట్టుకోలేదు. తడి వెంట్రుక సాగి, ఆరాక పొట్టిగా కనిపిస్తుంది కనుక పొడిగా ఉన్నప్పుడే పనిచేశాను. ముంగురులకు మామూలు సన్నకత్తెరనే నిలువుగా పట్టి, కొసలను చిన్న చిన్న గాట్లుగా తీశాను. అక్కడ పళ్ల కత్తెర కన్నా అదే నయం. ఒక పూటలో ముగించాలని చూడకుండా కొంచెం తీయడం, మర్నాడు అమ్మ తలకు పెట్టి పగటి వెలుగులో చూడటం, మళ్లీ కొంచెం తీయడం, అలా ఐదు రోజులు నడిపాను. థర్మాకోల్ తల మీద పెట్టి కత్తిరించడం సుఖమే కానీ, మేము కొన్నదాని చుట్టుకొలత 20 అంగుళాలు, అమ్మ తల 21.5 అంగుళాలు. చిన్నదైన ఆ థర్మాకోల్ తల మీద విగ్గు నుదుటి మీదికి దిగుతుంది, అక్కడ కనుబొమల దాకా కొలిచి కోసిన ముంగురులు అమ్మ తల మీద అర అంగుళం పైకి పోతాయి. చిక్కు తీయడానికి, ఆరబెట్టడానికి తప్ప నేను దాన్ని వాడను. ఈ విగ్గు కుదిరినంత బాగా మరేదీ కుదరలేదు.

ఇక కత్తెర మన్నిక సంగతి. మొదటి ఏడాది దీనికి తిరుగులేదని చెప్పాను. ఆ మాటను కొంత సవరించుకోవాలి. సింథటిక్ దారం పదును తినేస్తుంది. 2025 ఎండాకాలానికి రోజువారీ వాడకం కోసం మెడ దాకా ఉండే మరో సింథటిక్ విగ్గు తెచ్చి దిద్దుతున్నప్పుడు, కత్తెర తెంపడానికి బదులు వెంట్రుకలను మడిచి నమలడం మొదలుపెట్టింది. దాన్ని నేను పట్టించుకోలేదు. ఆ తర్వాత అదే కత్తెరతో లేసు విగ్గు కణతను సరిచేయబోతే పాయను పట్టి లాగింది. లేసుకు ముడివేసిన వెంట్రుకలు పది పదిహేను ఊడివచ్చి, మినపగింజంత ఖాళీ పడింది. పక్క పాయ కప్పుతుంది కనుక బయటికి కనబడదు, నాకు మాత్రం కనబడుతూనే ఉంటుంది.

వరంగల్‌లో బట్టల కత్తెర్లకు సాన పట్టే ఒక పెద్దమనిషి దగ్గరికి తీసుకెళ్లాను. ఆయన కత్తెరను వెలుగుకు ఎత్తి, రెండు వైపులా గోరుతో తడిమి చూసి, “పండ్లున్న దిక్కు నేను ముట్ట బిడ్డా, అరిగినయంటే ఇగ దేనికి పనికిరావు. సాఫ్‌గున్న దిక్కు పడ్త” అని, ఆ ఒక్క వైపే పదును పెట్టి ఇచ్చారు. దానితో ఇంకో ఎనిమిది నెలలు నడిచింది. ఇప్పుడు మళ్లీ నములుతోంది. సింథటిక్‌కు ఒకటి, అసలు వెంట్రుకలకు ఒకటి మొదటే వేరువేరుగా పెట్టుకుని ఉంటే ఆ ఖాళీ పడేది కాదు.

ఇంకో చిన్న లోపం కూడా గమనించాను. పలుచన చేసిన కొసలు మెడ వెనుక జాకెట్ అంచుకు రాసుకుని, అంతకు ముందుకన్నా తొందరగా చిక్కు పడుతున్నాయి, ముఖ్యంగా అసలు వెంట్రుకల విగ్గు నాలుగైదు సార్లు ఉతికి పై మెరుగు పోయాక. రాత్రి తీసేటప్పుడు కొసల నుంచి పైకి దువ్వి పెట్టే ఓపిక ఉంటే ఇబ్బంది లేదు. అమ్మకు ఆ పని నేనే చేస్తాను, నాకది బరువు కాదు; ఒంటరిగా ఉండి అన్నీ తామే చూసుకునేవారికి కావచ్చు.

అమ్మకు ఇప్పుడు సొంత జుట్టు వచ్చింది కానీ నడినెత్తి మీద పలుచగానే ఉంది, పెళ్లిళ్లకూ పండుగలకూ విగ్గే పెట్టుకుంటుంది. ఆమె ఎప్పుడూ తక్కువ ఒత్తు జుట్టు మనిషి, ఆ రూపమే మాకు కావాలి కనుక ఈ కత్తెర మాకు ఇంత ఉపయోగపడింది. ఒత్తుగా, నిండుగా ఉండే జడ కోరుకునేవారికి ఇది అంతగా పనికివస్తుందని అనుకోను. మిషన్ కుట్టు విగ్గు ఒక్కటే ఉండి, రెండు రోజుల్లో పెళ్లికి వెళ్లాల్సినవారు ఈ ఒక్కసారికి కొనకుండా ఆగడమే నయమని నా అభిప్రాయం. తీరిక ఉండి, ముందు ఒక పాత సవరం మీద చేయి సాధన చేసుకోగలిగితే మాత్రం తీసుకోవచ్చు. నేను రెండోది నిన్ననే కొన్నాను, ధర 520 అయింది. దాని పిడికి ఎర్ర దారం కట్టి, అసలు వెంట్రుకల విగ్గు పెట్టెలోనే ఉంచాను.