కొండపల్లి పల్లె బొమ్మల సెట్టు: పెట్టెలో ఒక ఊరు

సంక్రాంతి కొలువు కోసం విజయవాడలోని ఒక దుకాణంలో కొండపల్లి పల్లె బొమ్మల సెట్టు కొన్నాను. దశావతారాలు, ఏనుగు అంబారీ ఇంట్లో ఇదివరకే ఉన్నాయి. ఈసారి కావలసింది ఒక ఊరు. పెట్టె విప్పగానే ఎడ్లబండి, గిలక బావి, వడ్లు దంచే ఇద్దరు స్త్రీలు, మజ్జిగ చిలికే ముసలమ్మ, కుమ్మరి, కమ్మరి, తాటిచెట్టెక్కుతున్న గీత కార్మికుడు ఒక్కొక్కరే బయటికి వచ్చారు.

వీటిలో నా చూపు ఎక్కువసేపు నిలిచింది దంపుళ్ల బొమ్మ మీద. ఒకామె రోకలి పైకి లేచి ఉంటే రెండో ఆమెది రోటిలో దిగి ఉంటుంది. ఒకే రోట్లో ఇద్దరు పోటు వేసేటప్పుడు లయ తప్పితే రోకళ్లు ఢీకొంటాయని ఎరిగినవాడే ఆ భంగిమను చెక్కగలడు. గీత కార్మికుడి నడుము చుట్టూ ఉన్న మోకు రంగుతో గీసింది కాదు, నిజమైన దారమే. ముసలమ్మ ఎద్దుకన్నా పెద్దదిగా ఉందని మా ఇంట్లో నవ్వారు గాని, నాకది లోపంగా తోచలేదు.

తేలికైన తెల్లపొణికి కర్రను చెక్కి, సెగ మీద తడి ఆరనిచ్చి, చేతులు, కొమ్ములు వంటి అవయవాలను విడిగా చేసి, చింతగింజల పొడి, రంపపు పొట్టు కలిపిన మక్కుతో అతికిస్తారు. 14వ శతాబ్దపు కోట ఉన్న కొండపల్లిలో ఇంటిల్లిపాదీ పంచుకునే పని ఇది. దీన్ని వృత్తిగా చేసుకున్న ఆర్యక్షత్రియులు తమ పూర్వులు రాజస్థాన్ ప్రాంతం నుంచి వచ్చారని, ఈ విద్య ముక్తర్షి అనే ముని నుంచి సంక్రమించిందని చెప్పుకుంటారు.

ఫిర్యాదులు రెండున్నాయి. ఎనామిల్ రంగుల వాసన వారం రోజులు పోలేదు. దుకాణంవారు ఒకే పొర వార్తాపత్రిక చుట్టి ఇవ్వడంతో ఎద్దు కొమ్ము మక్కు దగ్గర ఊడింది. అడిగితే, బొమ్మ అన్నాక విరగదా అన్నారు. చింతగింజల జిగురుతో నేనే అతికించాను, కాస్త వంకరగా నిలిచింది. చిన్నపిల్లల చేతికి ఆడుకోవడానికి ఇవ్వదగినవి కావు, కొలువుకు మాత్రం నిస్సందేహంగా కొనవచ్చు.

ఇన్ని వృత్తులున్న ఈ ఊళ్లో ఉలి పట్టి బొమ్మ చెక్కే మనిషి ఒక్కడే లేడు. విడిగా దొరికితే వచ్చే ఏడాదికి తెచ్చుకోవాలని ఉంది.