రెండేళ్లు క్రియాటిన్ వాడాక: మెదడుకి ఎంత ఉపయోగం, కిడ్నీ సంగతేంటి

క్రియాటిన్, అంటే జిమ్‌కెళ్లేవాళ్లు కండల కోసం వాడే పొడి, మొదలుపెట్టి రెండేళ్లు దాటింది. కండల కోసం కాదు, జిమ్‌కి వెళ్లే తీరికే లేదు నాకు. శ్రీకాకుళంలో పొద్దున్నా సాయంత్రం ట్యూషన్లు చెప్పుకుంటూ, రాత్రిళ్లు గ్రూప్స్‌కి చదువుతున్నాను. చదివిన పేరానే మళ్లీ మళ్లీ చదువుతూ కూర్చునే రోజులు ఎక్కువైపోయాయి, దానికేమైనా పనికొస్తుందేమో అని వాడి చూశాను. నిద్ర సరిపోయిన రోజుల్లో నాకు తేడా ఏమీ తెలియలేదు. నిద్ర చాలని రోజుల్లో మాత్రం తెలిసింది.

మన ఒంటి బరువులో మెదడు 2 శాతమే అయినా శక్తిలో దాదాపు 20 శాతం అదే ఖర్చు పెడుతుంది. కణాలు శక్తి కోసం వాడుకునే పదార్థం పేరు ఏటీపీ. ఖర్చయిన ఏటీపీని అప్పటికప్పుడు తిరిగి నింపేది ఫాస్ఫోక్రియాటిన్, అంటే ఒంట్లో క్రియాటిన్ నిల్వ ఉండే రూపం. కాకపోతే మనం మింగిన పొడిలో ఎక్కువ భాగం కండల్లోకే పోతుంది, మెదడులోకి చాలా నెమ్మదిగా, కొద్దిగానే చేరుతుంది. అందుకే వారం రోజులు వాడేసి ఏమీ లేదని డబ్బా పక్కన పెట్టేస్తే ఏమీ తేలదు.

2003లో సిడ్నీలో 45 మంది శాకాహారులకి రోజుకి 5 గ్రాముల చొప్పున ఆరు వారాలు ఇస్తే జ్ఞాపకశక్తి పరీక్షల్లో బాగా మెరుగయ్యారు. ఆ ఒక్క ఫలితం పట్టుకుని అమ్మేవాళ్లు ఇప్పటికీ ఊదరగొడుతున్నారు. 2023లో 123 మందితో మళ్లీ చేస్తే లాభం ఉన్నా చాలా చిన్నదని, శాకాహారులకి ప్రత్యేకంగా ఎక్కువేమీ లేదని తేలింది. 2024లో జర్మనీలోని యూలిష్‌లో రాత్రంతా మేలుకోబెట్టి ఒకేసారి పెద్ద డోసు ఇస్తే ఆలోచనలో చురుకు కొంత నిలబడింది. కానీ అది కిలో బరువుకి 0.35 గ్రాములు, అంటే 70 కిలోల మనిషికి పాతిక గ్రాముల దగ్గర. ఇంట్లో ఎవరూ అంత మింగకండి.

నా అనుభవం ఈ మూడోదానికి దగ్గరగా ఉంది. నాలుగు గంటలే పడుకుని పొద్దున్నే బోర్డు ముందు నిలబడి శాతాల లెక్కలు చెప్పేటప్పుడు మధ్యలో అంకె మర్చిపోయి ఆగిపోవడం తగ్గింది. సంక్రాంతికి ఇంటికెళ్లి కొన్నాళ్లు మానేసినప్పుడు, అక్కడ కంటినిండా నిద్రపోయాను కాబట్టి, ఏ లోటూ అనిపించలేదు. ఇందులో నమ్మకం పాత్ర ఎంతో నేను విడదీయలేను.

నేను వాడే క్రియాటిన్ మోనోహైడ్రేట్ (మామూలుగా దొరికే రకం) పొడి చల్లటి నీళ్లలో సరిగా కరగదు, గ్లాసు అడుగున సన్నటి ఇసుకలా మిగిలిపోతుంది. నేను పొద్దున్న గోరువెచ్చటి చోడి అంబలిలో కలిపి వెంటనే తాగేస్తాను. కలిపి గంటలకొద్దీ ఉంచకూడదు, పులుపులో అది కొద్దికొద్దిగా క్రియాటినిన్ అనే వ్యర్థంగా మారిపోతుంది. మొదట్లో కిలోన్నర బరువు పెరిగాను, అది నీరే.

ఇక మన జిల్లావాళ్లు గట్టిగా ఆలోచించాల్సిన విషయం. మా అమ్మ డబ్బా చూడగానే "ఏటిరా ఇది, కిడ్నీలకి పట్టుద్దేమో చూసుకున్నావా?" అంది. మా మేనమామది కవిటి దగ్గర పల్లె, డయాలసిస్ మీద ఉన్నారు, కాబట్టి ఆ భయం ఊరికే వచ్చింది కాదు. ఆరోగ్యంగా ఉన్న కిడ్నీలని మామూలు మోతాదు పాడుచేసినట్టు పరిశోధనల్లో కనపడలేదు. కానీ ఈ పొడి ఒంట్లో క్రియాటినిన్‌గా మారి బయటికి పోతుంది, దాంతో కిడ్నీల పనితీరు చూసే రక్తపరీక్షలో క్రియాటినిన్ అంకె కాస్త పెరుగుతుంది. ఇంకో ఊర్లో అయితే అది చిన్న విషయం. కవిటి, సోంపేట, కంచిలి, మందస, వజ్రపుకొత్తూరు వైపు, అంటే మా ఉద్దానంలో మాత్రం కిడ్నీ జబ్బు చప్పుడు లేకుండా వచ్చేస్తుంది, జనం దాన్ని పట్టుకునేదే ఆ అంకెతో. రేపు అది నిజంగానే పెరిగితే "ఆ, పొడి వల్లేలే" అనుకుని నెలలు గడిపేస్తే? నన్ను అన్నిటికన్నా భయపెట్టేది ఇదే.

అందుకే నేను మొదలుపెట్టే ముందే పరీక్ష చేయించి కాగితం దాచుకున్నాను, ఏ డాక్టర్ దగ్గరికెళ్లినా ఈ పొడి సంగతి ముందే చెప్తాను, అనుమానం వస్తే సిస్టాటిన్ సి పరీక్ష (కిడ్నీల పనితీరు చూసే ఇంకో రక్తపరీక్ష) అడుగుతాను, దాని మీద క్రియాటిన్ ప్రభావం ఉండదు. మందసలో ఉన్న మా పిన్ని కొడుకు తనకీ ఒక డబ్బా కావాలన్నాడు. ముందు పరీక్ష చేయించుకుని కిడ్నీ డాక్టర్‌తో మాట్లాడు, ఆ తర్వాతే కొంటానని చెప్పాను.