అసెట్టో కోర్సా కాంపిటీజియోనే: సెటప్ పేజీ కోసమే కొనొచ్చు

విజయవాడ ఆటోనగర్‌లో లారీల కమాన్ కట్టలు, అలైన్‌మెంట్ చూసే పని నాది. చాలా రేసింగ్ గేముల్లో సెటప్ అంటే రంగు మార్చడం, పెద్ద ఇంజన్ కొనడం, అంతే. ఇటలీ వాళ్లు, కునోస్ కంపెనీ, 2019లో తెచ్చిన ఈ గేము అలా కాదు. షెడ్డు కట్టేశాక రాత్రిళ్లు దీని ముందే కూర్చుంటా. సగం టైము సెటప్ పేజీలోనే గడిచిపోతుంది, నాకు అదే ఇష్టం.

అన్నిటికంటే ముందు గాలి. జీటీ3 కార్ల (రోడ్డు స్పోర్ట్స్ కార్లనే రేసుకి మార్చిన రకం) డ్రై టైర్లు, అంటే పొడి ట్రాక్ టైర్లు, వేడెక్కాక 26 నుంచి 27 పీఎస్ఐ మధ్య ఉండాలి. 2023లో వచ్చిన 1.9 అప్‌డేట్‌కి ముందు 27.5 దగ్గర పెట్టేవాళ్లు. అందుకే పాత వీడియోల్లో నంబర్లు చూసి ఎక్కించకండి, బండి జారిపోతుంది. ఇటలీలోని మోన్జా ట్రాక్‌లో కుడి మలుపులు ఎక్కువ కాబట్టి బరువంతా ఎడమ టైర్ల మీద పడుతుంది. మూడు ల్యాపులు తిప్పి చూస్తే ఎడమవి 27.3, కుడివి 26.6 ఉన్నాయనుకోండి, పిట్‌కి, అంటే బండి ఆపి సర్దుకునే చోటుకి, వచ్చి ఎడమ వైపు ఐదు క్లిక్కులు తగ్గించాలి. ఒక్కో క్లిక్కు 0.1. గేములో ఎండ పెంచితే టైర్లలో గాలి ఒత్తిడి కూడా పెరుగుతుంది. మే నెల మధ్యాహ్నం బెంజి సర్కిల్ దాటొచ్చిన లారీ టైరు మీద చెయ్యి పెట్టినవాడికి ఈ సంగతి వేరే చెప్పక్కర్లేదు.

మా షెడ్డు కుర్రాడు ఒకరోజు "బండి తిరగట్లేదన్నా" అంటూ వెనక రెక్క తగ్గించేస్తున్నాడు.

"ఏ మలుపులో రా?"

"మోన్జాలో మొదటి చికేన్‌లో." చికేన్ అంటే బండి నెమ్మదించాలని వెంటవెంటనే పెట్టే వంకర మలుపులు.

అక్కడ స్పీడే ఉండదు, స్పీడులో గాలితో బండిని కిందికి నొక్కే రెక్కకి పనేముంది? ముందు చక్రాల యాంటీ రోల్ బార్ (మలుపులో బండి ఒరగకుండా ఆపే కడ్డీ) ఒక మెట్టు మెత్తగా చేయించా, ముక్కు లోపలికి తిరిగింది. అదే మోన్జాలోని ఆఖరి మలుపు పారాబోలికా లాంటి స్పీడు మలుపులో తిరక్కపోతే అప్పుడు రెక్క సంగతి చూడాలి. ఈ తేడాని ఇంత నిజంగా చూపించే గేము నేను ఇంకోటి ఆడలేదు. డ్యాంపర్ల (షాక్ అబ్జార్బర్ల) జోలికి మాత్రం మొదట్లోనే వెళ్లకండి.

కార్లన్నీ రేసు కార్లే, రోడ్డు బండ్లుండవు. జీటీ3 కంటే కాస్త నెమ్మదైన జీటీ4 కార్లు కావాలంటే విడిగా కొనాలి. గేమ్‌ప్యాడ్‌తో కూడా ఆడొచ్చు గానీ, టైరు జారేది చేతికి తెలియాలంటే స్టీరింగ్ ఉండాల్సిందే. సేల్ పెట్టినప్పుడు బేస్ గేము తీసుకుని, అందులోనే ఇచ్చే సేఫ్ సెటప్‌తో మొదలుపెట్టండి. మార్చేది ఒకసారికి ఒక్కటే మార్చండి.