చావు పేరున్న పుట్టగొడుగు: ఎండు త్రోంపెత్ ద లా మోర్ పాకెట్ కొనొచ్చా?

కొనొచ్చు, భయం లేకుండా కొనొచ్చు. ఫ్రాన్స్‌లో ఉంటున్న మనవాళ్లు కొందరు సూపర్ మార్కెట్‌లో ఈ నల్లటి ఎండు పుట్టగొడుగుల పాకెట్ చేతిలోకి తీసుకుని, పేరుకి అర్థం తెలియగానే మళ్లీ అక్కడే పెట్టేస్తారు. అర్థం మరి అలాంటిది: మృత్యు బాకా. కానీ ఇందులో విషం లేదు, ఫ్రెంచివాళ్లు అడవుల్లో వెతుక్కుని మరీ తినే రకం ఇది.

బాకా అన్నది ఆకారాన్ని బట్టి వచ్చింది. మనకు తెలిసిన పుట్టగొడుగులా పైన గొడుగు ఉండదు, కింద నుంచి పైదాకా లోపలంతా బోలుగా, అంచు బయటికి ఒంపు తిరిగి అచ్చం ఊదే బాకాలాగే ఉంటుంది. చావు సంగతికొస్తే ఆ నలుపు కొంత కారణం, కానీ ఎక్కువగా చెప్పేది అది మొలిచే కాలం గురించి. ఓక్, బీచ్ అనే జాతుల చెట్ల కింద రాలిన ఆకుల్లో వేసవి చివర మొదలై నవంబర్ దాకా వస్తుంది, అంటే నవంబర్ 1న తూసాం, అంటే క్రైస్తవుల సర్వ పరిశుద్ధుల పండగ, 2న చనిపోయినవాళ్లను తలుచుకునే రోజు, జనం సమాధుల మీద చామంతులు పెట్టే ఆ రోజుల్లో కూడా ఇది అడవిలో దొరుకుతూ ఉంటుంది. అందుకే దీన్ని త్రోంపెత్ దె మోర్, అంటే చనిపోయినవాళ్ల బాకా, అని కూడా అంటారు. నాకైతే ఈ పేరే నచ్చుతుంది, అందులో భయం కన్నా జ్ఞాపకం ఎక్కువ ఉంది. 1753లో స్వీడన్ వృక్షశాస్త్రవేత్త లిన్నేయస్ శాస్త్రీయ నామం పెట్టినప్పుడు మాత్రం చావు ఊసే లేదు, కోర్నుకోపియోయిడెస్ అన్నాడు, పూలూ పళ్లూ పొంగిపొర్లే కొమ్ములాంటిది అని.

ఇక పాకెట్. 30 గ్రాములు, ఐదు యూరోల లోపు. తెరవగానే వాసన గుప్పుమంటుంది, దీన్ని పేదవాడి ట్రఫుల్ (ట్రఫుల్ అంటే ఘాటైన వాసనుండే చాలా ఖరీదైన పుట్టగొడుగు) అని ఎందుకంటారో అప్పుడు తెలుస్తుంది. గోరువెచ్చని నీళ్లలో అరగంట నానబెట్టి, నీళ్లు పిండేసి, వెన్నలో వెల్లుల్లితో వేయించి ఆమ్లెట్‌లో వేస్తే చాలా బాగుంది. నానబెట్టిన నీళ్లు పారబోయకండి, పల్చటి గుడ్డలో వడగట్టి పులావ్‌లో పోయండి, అన్నం కాస్త నల్లబడుతుంది కానీ రుచి అదిరిపోతుంది. మసాలా మాత్రం బాగా తగ్గించాలి, గరం మసాలా పడితే దీని రుచి ఇంక తెలియదు.

నచ్చనివి రెండు. ఒకటి ఇసుక, బోలు లోపల ఇరుక్కున్న మట్టిని సరిగ్గా దులపకుండానే ఎండబెట్టినట్టున్నారు, నానాక మళ్లీ రెండుసార్లు కడగాల్సి వచ్చింది. రెండోది, లేబుల్ మీద పెద్దక్షరాల్లో ఉత్త త్రోంపెత్ అని వేసి చావు మాట కత్తిరించేశారు. కొనేవాళ్లు జడుసుకుంటారనేమో గానీ, పేరు పూర్తిగా వేసి కింద ఒక్క ముక్కలో ఎందుకొచ్చిందో రాస్తే ఆ భయమూ పోతుంది కదా.

శరదృతువులో సంతలో తాజావి కనిపిస్తే ఈ పాకెట్ వదిలేసి అవే తీసుకోండి, నిలువునా చీల్చి కడిగితే ఇసుక బాధ ఉండదు. అడవిలో మీరే ఏరితే మాత్రం తెలిసినవాళ్లకి చూపించకుండా వండకండి.