బ్రాడీపేట లేబర్ లాయరమ్మ ఆఫీసు: ఉద్యోగం తిరిగొచ్చింది, సగం జీతం బకాయి చేతికందింది

గుంటూరు దగ్గర ఒక స్పిన్నింగ్ మిల్లులో రింగ్ ఫ్రేముల (నూలు వడికే యంత్రాల) మీద పదకొండేళ్లు పనిచేశాను. 2018 ఫిబ్రవరిలో, నైట్ షిఫ్టులో నిద్రపోయానని, లేపిన సూపర్‌వైజర్ మీద చెయ్యెత్తానని రాసి నన్ను తీసేశారు. నేను నిద్రపోలేదు, చెయ్యెత్తలేదు. గొంతు మాత్రం పెంచాను. ఆ సంగతి మేడమ్ గారికి మొదటిరోజే చెప్పేశాను.

ఆఫీసు మేడ మీద రెండు గదులు. సాయంత్రం ఆరు దాటాకే మేడమ్ దొరుకుతారు, గంటన్నర కూర్చోక తప్పదు. ఫోన్ ఎత్తేది తక్కువ. గుమాస్తా గారికి చెప్పి పెడితే మర్నాటికి కబురొస్తుంది. ఒక స్టార్ తగ్గించింది అందుకే, ఇంకో ఫిర్యాదు లేదు.

సంచిలో ఉన్నవన్నీ బల్ల మీద పోశాను: మిల్లు ఇచ్చిన ఛార్జిషీటు, ఎంక్వైరీ నోట్సు, డిస్మిసల్ ఆర్డరు, అవి వచ్చిన కవర్లు. కవర్లు పారేయకుండా ఉంచినందుకు మెచ్చుకున్నారు, పోస్టాఫీసు ముద్ర తేదీ పనికొస్తుందట. ఎంక్వైరీ నోట్సు తిప్పుతూ ఒక పేజీ దగ్గర ఆగి స్కేలు పెట్టి చూపించారు. నా సంతకం పేజీ మధ్యలో ఉంది. దాని కింద, అంచుకి ఇరికించినట్టు, సాక్షిని అడిగేదేమీ లేదని నేను చెప్పినట్టు ఒక్క వరస టైపు చేసి ఉంది. నేను సంతకం పెట్టినప్పుడు ఆ వరస లేదు. మూడు నెలలు ఆ కాగితం మా ఇంట్లోనే ఉంది, ఎన్నిసార్లు చదివినా నా కంట పడలేదు.

ముందు కార్మిక శాఖలో రాజీకి దరఖాస్తు పెట్టించారు. 45 రోజులు దాటినా తేలకపోతే, అప్పుడున్న పారిశ్రామిక వివాదాల చట్టం సెక్షన్ 2ఎ కింద మనమే నేరుగా లేబర్ కోర్టుకి వెళ్లే వీలుండేది. అలాగే వెళ్లాం. ఎంక్వైరీ సరిగా జరగలేదని కోర్టు తేల్చింది. అంతటితో కేసు గెలిచినట్టేననుకున్నాను. కాదట, అప్పుడు యాజమాన్యం కోర్టులోనే తన సాక్ష్యం పెట్టుకోవచ్చు. సూపర్‌వైజర్ వచ్చాడు. మేడమ్ ఆ రాత్రి షిఫ్టు రిజిస్టరు తెప్పించి, నా ఫ్రేముల హ్యాంక్ మీటర్ (ఎంత నూలు తీసిందో చూపేది) రీడింగులు ఒక్కొక్కటీ ఆయన చేతే చదివించారు. పక్కవాళ్ల ఫ్రేములతో సమానంగా ఉన్నాయి. రెండు గంటలు నిద్రపోయిన మనిషి ఫ్రేముల్లో తెగిన దారాలు ఎవరు అతికారని అడిగితే ఆయన దగ్గర జవాబు లేదు.

నాకు ఎక్కువ టెన్షన్ పెట్టింది మాత్రం జీతం బకాయి సంగతి. ఉద్యోగం పోయాక సీజన్లలో మిర్చి యార్డులో టిక్కీలు (మిర్చి బస్తాలు) మోశాను. ఆ ఘాటుకి కళ్లు మండి రాత్రిళ్లు నిద్రపట్టేది కాదు. ఈ పని సంగతి చెప్పొద్దని తెలిసినవాళ్లంతా అన్నారు, చెబితే పైసా రాదని. మేడమ్ ఒప్పుకోలేదు. "ఎన్ని రోజులు మోశారో, రోజుకి ఎంత వచ్చిందో అఫిడవిట్‌లో రాద్దాం" అన్నారు. 2013లో దీపాలి గుండు సుర్వసే కేసులో సుప్రీంకోర్టు ఏం చెప్పిందో నాకు అర్థమయ్యేలా వివరించారు. అన్యాయంగా తీసేస్తే ఉద్యోగంతో పాటు వెనక జీతం ఇవ్వడం మామూలు పద్ధతి. ఖాళీగా ఉన్నాననో, తక్కువ కూలికి పనిచేశాననో కార్మికుడు ముందు చెప్పుకోవాలి. కాదని రుజువు చేయాల్సింది యాజమాన్యం.

మధ్యలో కరోనాతో వాయిదాలు ఆగిపోయాయి. 2022 జులైలో అవార్డు, అంటే లేబర్ కోర్టు తీర్పు, వచ్చింది: తిరిగి ఉద్యోగం, సర్వీసు తెగకుండా, సగం వెనక జీతం. నెలకి 12,000 చొప్పున 55 నెలలు, అందులో సగం 3,30,000. యార్డు కూలి చూసే సగం తగ్గించారు. దానికి నాకు బాధ లేదు, అది నిజంగా నేను సంపాదించిన డబ్బే. సెప్టెంబరు చివర్లో డ్యూటీలోకి తీసుకున్నారు గానీ డబ్బు లెక్క తేల్చలేదు. అదే చట్టం సెక్షన్ 33సి(2) కింద మళ్లీ పిటిషన్ వేస్తే తొమ్మిది నెలలకి చెక్కు ఇచ్చారు.

ఫీజు విడతల్లో కట్టాను. వచ్చేదాంట్లో వాటా ఇస్తానని నేనే అన్నాను. లాయర్లు అలా తీసుకోకూడదని, ఇంకెప్పుడూ ఎవరితోనూ అనొద్దని గట్టిగా చెప్పారు.

నాది పాత చట్టం కింద నడిచిన కేసు. 2025 నవంబర్ 21 నుంచి కొత్త లేబర్ కోడ్‌లు అమల్లోకి వచ్చాయి కాబట్టి, కేసు ఎన్నాళ్లలోపు వెయ్యాలో వెళ్లిన రోజే అడగండి. కాగితాలు కవర్లతో సహా పట్టుకెళ్లండి. జీతం స్లిప్పులు ఉంటే ఇంకా మంచిది, నావి ఆరే దొరికాయి.

మళ్లీ చేరిన రోజు టైమ్ ఆఫీసులో నా పాత నంబరు టోకెనే ఇచ్చారు. ఇంటికి రాగానే మా ఆవిడ దాన్ని అరచేతిలో పెట్టుకుని చాలాసేపు చూసింది.