మడమ మీద పుండు: ఎల్89 వేయాలా, ఎల్97 వేయాలా?

అమెరికాలో 2015 అక్టోబరు 1 నుంచి అమల్లో ఉన్న ఐసీడీ-10-సీఎం అనే వ్యాధుల కోడ్ల పద్ధతిలో ఎల్89 శరీరంలో ఒకేచోట ఎక్కువసేపు బరువు పడి వచ్చే ఒత్తిడి పుండ్లకు, ఎల్97 ఒత్తిడితో సంబంధం లేకుండా కాళ్లకు వచ్చే దీర్ఘకాలిక పుండ్లకు. వైద్య రికార్డులు చదివి ఈ కోడ్లు వేసే కోడర్లు ఎక్కువగా తికమకపడేది మడమ దగ్గరే.

కుడి మడమ మీద కొవ్వు పొర కనిపించేంత లోతైన పుండు ఉందనుకుందాం. మంచం పట్టిన రోగికి ఒత్తిడి వల్ల వచ్చిందని, మూడో దశ అని రాసి ఉంటే ఎల్89.613. మధుమేహం వల్ల వచ్చిందని ఉంటే ఎల్97.412. కానీ ఇది ఒంటరిగా నిలవదు. టైప్ 2 మధుమేహమైతే ముందు ఆ మధుమేహంతో వచ్చిన పాదం పుండుకు కోడ్ అయిన ఇ11.621 రాయాలి. ఈ వరుస తప్పితే పుండుకు మూలమేమిటో రికార్డులో కనిపించకుండా పోతుంది. నా దృష్టిలో ఎల్97లో అన్నిటికన్నా ముఖ్యమైన నియమం ఇదే.

లోతును చెప్పే తీరు కూడా వేరు. ఎల్89లో ఒకటి నుంచి నాలుగు దశలు, దశ తేల్చలేనివి, లోపలి కణజాల గాయం ఉంటాయి. ఎల్97లో దశలు లేవు. చర్మం వరకేనా, కొవ్వు బయటపడిందా, కండరం లేదా ఎముక కుళ్లిందా అని చూస్తారు. అందుకే మధుమేహ పుండుకు ‘మూడో దశ’ అని రాసి ఉంటే కోడర్ ఊహించి కోడ్ వేయకూడదు, వైద్యుణ్ణి అడగాలి. లోతు వివరాలను నర్సు నోట్సు నుంచి తీసుకోవచ్చు. అది ఏ రకం పుండో మాత్రం చికిత్స చేసే వైద్యుడే చెప్పాలి.

వీపు మీదో పిరుదు మీదో ఒత్తిడితో రాని పుండైతే ఎల్97 పనికిరాదు, ఎల్98.4 చూడాలి.