రోచ్–టేలర్ ‘హిస్టారిక్ కన్సర్ట్స్’: ఎడమ చెయ్యి వినపడాలి

పియానిస్టు సెసిల్ టేలర్ ఎడమ చెయ్యి వినపడకపోతే ఈ ఆల్బమ్ మీద పెట్టిన డబ్బు సగం దండగ.

1979 డిసెంబర్ 15న న్యూయార్క్‌లో, కొలంబియా యూనివర్సిటీ మెక్‌మిలిన్ థియేటర్లో జరిగిన కచేరీ ఇది. ఇటలీ కంపెనీ సోల్ నోట్ 1984లో బయటికి తెచ్చింది. పియానో మీద టేలర్, డ్రమ్స్ మీద మ్యాక్స్ రోచ్, మూడో మనిషి లేడు. ఇద్దరూ అమెరికా జాజ్ సంగీతంలో పేరున్నవాళ్లు. మొదట ఒక్కొక్కళ్లూ ఐదేసి నిమిషాలు వాయిస్తారు. తర్వాత ఇద్దరూ కలిసి రెండు భాగాలు, ఒక్కోటి దాదాపు 40 నిమిషాలు.

ఇంట్లో పెడితే మా ఆవిడ “ఇంకా శ్రుతి చేసుకుంటానే ఉన్నారా?” అంటుంది. అందుకే సీడీలోది ఫోన్లోకి ఎక్కించుకుని, రాత్రిపూట ఆకివీడు దగ్గర మా రొయ్యల చెరువు మీద షెడ్డులో వింటాను. అక్కడ అడ్డు చెప్పేవాళ్లు లేరు గానీ, నీళ్లలోకి గాలి ఎక్కించే ఏరియేటర్లు తిరుగుతుంటాయి. పియానో మీద ఎడమ చెయ్యి వాయించే కింది స్వరాలన్నీ ఆ హోరులో కలిసిపోతాయి. రోచ్ మాత్రం తన డ్రమ్ములు బాగా బిగించి, పై శ్రుతిలో పెట్టుకుంటాడు. ఎంత హోరున్నా ఆ దెబ్బలు దాన్ని దాటుకుని వస్తాయి, దేనికది విడిగా, తేటగా. అందుకే చాలాకాలం కనపడ్డ ప్రతివాడికీ ఇది రోచ్ ఆల్బమ్ అనీ, టేలర్ తోడు వచ్చాడంతే అనీ చెబుతూ వచ్చాను.

పోయిన వేసవిలో ఒక రాత్రి, రెండో భాగం నడుస్తుండగా కరెంటు పోయింది. రొయ్యలు పట్టే రోజు దగ్గర పడింది, చెరువు నిండా సరుకు. నీళ్లలో ఆక్సిజన్ తెల్లవారుజామున ఎటూ పడిపోతుంది. ఆ వేళకి ఏరియేటర్లు ఆగాయంటే రొయ్యలు పైకి తేలడానికి ఎంతోసేపు పట్టదు. కుర్రాడు పరిగెత్తాడు జనరేటర్ దగ్గరికి. సెల్ఫ్ కొడితే టక్‌మని ఊరుకుంది. బ్యాటరీ డౌన్. ఇక హ్యాండిల్ వేసి తిప్పుడే.

నేను టార్చి పట్టుకుని నిలబడ్డాను. స్పీకర్ సంగతి ఎవరికి గుర్తుంటుంది, అది దాని ఛార్జింగ్ మీద అది వాయిస్తూనే ఉంది. హోరు పోయేసరికి పియానో అడుగు నుంచి ఏదో పైకి లేచింది. రెండు మూడు స్వరాల ముక్క, బరువుగా. టేలర్ దాన్నే పట్టి కొడుతున్నాడు. కాస్త మార్చి మళ్లీ కొడుతున్నాడు. ఇంకో స్వరం తగిలించి మళ్లీ. రోచ్ తనంతట తాను ఎత్తుకున్నాడని నేననుకున్న ప్రతి దరువూ ఆ ముక్క పక్కన నిలబడి మాట్లాడుతోంది. టేలర్ దాన్ని వదిలినప్పుడు రోచ్ చెయ్యి తగ్గుతోంది, మళ్లీ అందుకోగానే పెద్ద డ్రమ్ము మీదికి దిగుతోంది. కోనసీమ ప్రభల తీర్థంలో రెండు ఊళ్ల మేళాలు ఎదురుపడినట్టు ఎవరి దరువు వాళ్లదే, కానీ ఎదుటివాడేం చేస్తున్నాడో ఇద్దరికీ తెలుసు.

టార్చి ఎటో పోయింది కాబోలు, కుర్రాడు అరిచాడు: “బాబాయ్ గారూ, లైటు ఇటు కొట్టండి! ముందా గోల కట్టేయండి, ఇంజన్ అందుకుందో లేదో తెలవట్లేదు!”

నిజమే, డ్రమ్స్ మధ్యలో ఇంజన్ చప్పుడు ఎక్కడ తెలుస్తుంది? టెన్షన్‌తో చేతులు వణుకుతున్నాయి, అయినా ఆ ముక్క పూర్తయ్యేదాకా ఉంటే బాగుండు అనిపించింది. కట్టేశాను లెండి. ఇంకో రెండు తిప్పుళ్లకి ఇంజన్ అందుకుంది. రొయ్యలకేం కాలేదు. కొత్త బ్యాటరీ తెచ్చాం, దాంతోపాటు నేను వైరున్న మంచి హెడ్‌ఫోన్స్ కూడా కొనుక్కున్నాను.

టేలర్ 88 మెట్ల పియానోని 88 డ్రమ్ములుగా వాయిస్తాడని అందరూ అనే మాటే. చెరువు మీద వింటే అది ఉత్త పొగడ్తలా ఉండేది, హెడ్‌ఫోన్స్‌లో వింటే లెక్క సరిపోయింది. రోచ్ మీద నాకు గౌరవం తగ్గలేదు. అంత జడివానలోనూ ఖాళీ వదలగలిగినవాడు ఆయనొక్కడే. కాకపోతే “రోచ్ ఆల్బమ్” అనడం మానేశాను. రెండో భాగంలో కొంతసేపు టేలర్ ఒకే ఒత్తిడిలో బాదుతూ పోతాడు. హెడ్‌ఫోన్స్‌లో అది మరీ అలుపు తెప్పిస్తుంది, అక్కడ నేను ఆపి టీ తాగొస్తాను. ఒక్కోసారి స్పీకర్ మీదే నయమేమో అని కూడా అనిపిస్తుంది. చివర ఇద్దరి ఇంటర్వ్యూలు ఉన్నాయి, మధ్యమధ్యలో కచేరీ తునకలతో. కొత్తవాళ్లు అక్కణ్ణుంచి మొదలెట్టినా నష్టం లేదు, చిన్న ముక్కలు కాబట్టి భయపెట్టవు.

కొనాలా అంటే, మృదంగం తని (మృదంగం ఒక్కటే మోగే ఘట్టం) కోసమే కచేరీకి వెళ్లే రకమైతే కొనుక్కోవచ్చు. ఇంట్లో ఒక్కరే ఉండే వేళ కూడా కాస్త కావాలి. నేను జాజ్ పెద్దగా విన్నవాణ్ణి కాదు, ఇలాంటివి ఇంకో పది విన్నవాళ్లకి ఇది వాటిలో ఎన్నో స్థానంలో ఉంటుందో నేను చెప్పలేను. ఎల్పీ (పాతకాలపు పెద్ద రికార్డు) దొరికినా నాకొద్దు. ఒక్కో భాగం మధ్యలో లేచి పళ్లెం తిప్పాలి, పైగా మా వైపు తేమకి అట్ట కవర్లు బూజు పట్టకుండా ఉండవు.